పసిఫిక్ దీవుల స్వాతంత్ర్య చరిత్ర: తారీఖుల్లో తప్పిపోకుండా చదివే పద్ధతి

పసిఫిక్ దీవుల గురించి చదువుదామనుకున్న వాళ్లలో చాలామంది మొదట ఒక జాబితా తెరుస్తారు. సమోవా 1962, నౌరు 1968, టోంగా, ఫిజీ 1970, పాపువా న్యూగినీ 1975, సోలమన్ దీవులు, టువాలు 1978, కిరిబాటి 1979, వనువాటు 1980, మార్షల్ దీవులు, మైక్రోనేషియా సమాఖ్య 1986, పలావు 1994. పన్నెండు పేర్లు, పక్కన ఏళ్లు. వారం తిరిగేసరికి అన్నీ కలగలిసిపోతాయి. అది పెద్ద నష్టం కాదు, మళ్లీ చూసుకోవచ్చు. అసలు నష్టం వేరే ఉంది. ఆ జాబితా చూసినవాళ్ల మనసులో తెలియకుండానే ఒక అభిప్రాయం పడిపోతుంది: పెద్ద దేశాలకు ఈ చిన్న దీవులు బరువయ్యాయి, వాళ్లే వదిలేసి వెళ్లిపోయారు, వీళ్లు పుచ్చుకున్నారు, పోరాటం అనేది ఏమీ జరగలేదు అని.

ఈ మాట చాలాచోట్ల కనిపిస్తుంది, చదువుకున్నవాళ్లు కూడా అంటారు. ఇది నిజం కాదు. దీవి చిన్నదైనంత మాత్రాన అక్కడి పోరాటం చిన్నది కాదు, అది మనకు అలవాటైన రూపంలో కనిపించదు అంతే. ఎక్కువగా అర్జీల రూపంలో ఉంటుంది, పన్ను కట్టకపోవడంలో ఉంటుంది, భూమి అమ్మబోమనే పట్టుదలలో, కొన్నిసార్లు ఏకంగా ఊరు ఖాళీ చేసి వెళ్లబోమని మొండికేయడంలో ఉంటుంది. దాన్ని పట్టుకోవాలంటే చదివే పద్ధతి మారాలి. నేను చెప్పబోయేది ఆ పద్ధతే.

జాబితా పక్కన పెట్టి నాలుగు గడులు గీయండి

ఒక కాగితం తీసుకుని ఒక్కో దీవికి ఒక్కో వరుస, వరుసకు నాలుగు గడులు పెట్టుకోండి. ఎవరు పాలించారు. ఏ చట్టం పేరుతో పాలించారు. పాలించినవాళ్లకు అక్కడ కావలసింది ఏమిటి. చివరికి ఎలా వదిలారు, లేదా ఎందుకు వదల్లేదు. ఈ నాలుగు నిండితే ఆ దీవి కథ మీ చేతికి వచ్చినట్టే, తారీఖు దానంతటదే గుర్తుంటుంది.

మెలనేషియా, మైక్రోనేషియా, పోలినేషియా అనే మూడు భాగాల లెక్కతో మొదలుపెట్టమని చాలామంది చెప్తారు. ఆ విభజనను 1832లో ద్యుమో ద్యుర్విల్ అనే ఫ్రెంచి నావికుడు ప్రచారంలోకి తెచ్చాడు. మనుషుల ఒంటి రంగు చూసి గీసిన గీతలు చాలావరకు. పటం మీద చోటు గుర్తుపెట్టుకోవడానికి వాడుకోండి, అంతకుమించి దాని మీద ఏమీ కట్టకండి. రాజకీయ చరిత్రకు పనికొచ్చే పటాలు వేరు: 1914కు ముందు ఒకటి, 1920 తర్వాత ఒకటి, 1947 తర్వాత ఒకటి. మొదటి దాంట్లో జర్మనీ కనిపిస్తుంది, రెండో దాంట్లో జర్మనీ పోయి ఆ స్థానంలో భూమధ్యరేఖకు పైన జపాన్, కింద ఆస్ట్రేలియా, న్యూజిలాండ్ వస్తాయి, మూడో దాంట్లో జపాన్ పోయి అమెరికా వస్తుంది. మార్షల్ దీవుల్లో పుట్టి పెరిగిన ఒక ముసలాయన ఊరు కదలకుండానే జర్మనీ, జపాన్, అమెరికా మూడింటి పాలనా చూసి ఉండొచ్చు. ఈ మూడు పటాలు పక్కపక్కన పెట్టి కాసేపు చూస్తే సగం గందరగోళం అక్కడే తీరిపోతుంది.

రెండో గడి విసుగ్గా అనిపిస్తుంది, కానీ దాన్ని దాటెయ్యకండి. వలస అంటే ఒక రకం కాదు. ఫిజీ నేరుగా బ్రిటిష్ వలస రాజ్యం. టోంగా రక్షిత రాజ్యం. 1875 నాటికే దానికి సొంత రాజ్యాంగం ఉంది, రాజు ఉన్నాడు, 1900లో బ్రిటన్‌తో ఒప్పందం చేసుకుని విదేశీ వ్యవహారాలు అప్పగించింది, 1970 జూన్ 4న వాటినీ వెనక్కి తీసుకుంది. అందుకే టోంగా వాళ్లు తమకు స్వాతంత్ర్యం వచ్చిందంటే ఒప్పుకోరు, పోయిందెప్పుడని అడుగుతారు. సమోవా, నౌరు, న్యూగినీ మొదటి ప్రపంచ యుద్ధం తర్వాత నానాజాతి సమితి అప్పగించిన మాండేట్లు, అంటే సమితి తరఫున వేరే దేశం పాలించే ప్రాంతాలు, రెండో యుద్ధం తర్వాత ఐక్యరాజ్యసమితి ట్రస్టు ప్రాంతాలు. ఈ తేడా కాగితం మీద తేడా కాదు. ట్రస్టు ప్రాంతంలో ఉన్న మనిషికి నేరుగా ఐరాసకు అర్జీ పెట్టుకునే హక్కు ఉంది, ఐరాస బృందం కొన్నేళ్లకోసారి వచ్చి చూసి వెళ్లేది. మామూలు వలసలో ఉన్నవాడికి ఆ తలుపు లేదు. పసిఫిక్‌లో మొదట స్వతంత్రమైన రెండు దేశాలూ, అంటే సమోవా, నౌరు, ట్రస్టు ప్రాంతాలే కావడం యాదృచ్ఛికం కాదు.

మొదటి దీవిగా సమోవా తీసుకోండి

ఒక్క దీవిని లోతుగా చదివితే మిగతావి తేలికవుతాయి. నా సలహా సమోవాతో మొదలుపెట్టమని.

1900లో సమోవా రెండు ముక్కలైంది. పడమటి భాగం జర్మనీకి, తూర్పు భాగం అమెరికాకు. తూర్పు ముక్క ఇప్పటికీ అమెరికా కిందే ఉంది, ఇది గుర్తుంచుకోండి, ముందు పనికొస్తుంది. జర్మన్ల కాలంలోనే లౌఆకీ అనే వక్త నాయకత్వంలో ఒక ఉద్యమం లేచింది, 1909లో ఆయన్ని, ఆయన మనుషుల్ని సైపాన్‌కు ప్రవాసం పంపారు. 1914 ఆగస్టులో యుద్ధం మొదలవగానే న్యూజిలాండ్ సైన్యం వచ్చి దిగింది, ఎదురు కాల్పులు లేకుండానే పడమటి సమోవా చేతులు మారింది.

తర్వాత జరిగింది తీరిగ్గా చదవండి. 1918 నవంబరు 7న టలూన్ అనే ఓడ ఆక్లాండ్ నుంచి పడమటి సమోవా రాజధాని ఏపియా రేవుకు వచ్చింది. ఓడలో ఇన్‌ఫ్లుయెంజా రోగులున్నారు, అయినా దిగనిచ్చారు. కొన్ని వారాల్లో దాదాపు 8,500 మంది చనిపోయారు, అంటే జనాభాలో ఐదో వంతు కన్నా ఎక్కువ. కొద్ది దూరంలోనే ఉన్న అమెరికన్ సమోవాలో గవర్నరు గట్టిగా క్వారంటైన్ పెట్టాడు, అక్కడ ఒక్కరు కూడా పోలేదు. ఒకే జాతి, ఒకే సముద్రం, రెండు పరిపాలనలు, ఫలితాల్లో ఇంత తేడా. సమోవా కుటుంబాలు దీన్ని మర్చిపోలేదు. న్యూజిలాండ్ పాలన మీద నమ్మకం పోయిన చోటు ఇదే అని నా అభిప్రాయం, తర్వాతి ఉద్యమం అంతా దీని వెలుగులోనే చదవాలి.

1920ల్లో న్యూజిలాండ్ పాలనను ఎదిరించే మౌ ఉద్యమం బలపడింది. పన్నులు కట్టలేదు, ప్రభుత్వ సంఘాలకు వెళ్లలేదు, ముదురు నీలం మీద తెల్ల గీత ఉన్న సొంత యూనిఫాం వేసుకున్నారు, సొంత పోలీసుల్ని పెట్టుకున్నారు. వ్యాపారి ఓలాఫ్ నెల్సన్‌ని దేశం నుంచి వెళ్లగొడితే ఆయన 1928లో జెనీవా దాకా వెళ్లి నానాజాతి సమితి ముందు అర్జీ పెట్టే ప్రయత్నం చేశాడు, ఆయన మాట వినడానికి వాళ్లు ఒప్పుకోలేదు. 1929 డిసెంబరు 28న ఏపియాలో ఊరేగింపు మీద పోలీసులు కాల్పులు జరిపారు. జనాన్ని శాంతంగా ఉండమని ఆపుతున్న పెద్ద నాయకుడు తుపువా తమసేసే లియలోఫీకి తూటా తగిలింది, మర్నాడు చనిపోయాడు. తన రక్తానికి ప్రతీకారం వద్దని, శాంతి తప్పవద్దని ఆయన చివరగా చెప్పి వెళ్లాడు. మగవాళ్లు అడవుల్లోకి వెళ్లాల్సివస్తే ఆడవాళ్లు మహిళా మౌ పేరుతో ఉద్యమాన్ని నిలబెట్టారు. ఇంత జరిగాక, న్యూజిలాండ్‌లో ప్రభుత్వం మారాక, 1936లో గానీ మౌను చట్టబద్ధమైన సంస్థగా గుర్తించలేదు.

ఇప్పుడు చెప్పండి, ఇది ఇచ్చేస్తే పుచ్చుకున్న స్వాతంత్ర్యమా? రెండో యుద్ధం తర్వాత ఐరాస తలుపు తెరుచుకోగానే సమోవా పెద్దలు స్వపరిపాలన కావాలని అర్జీ పెట్టారు, 1947లో ఐరాస బృందం వచ్చింది, 1961 మేలో ప్రజాభిప్రాయ సేకరణ జరిగింది, 1962 జనవరి 1న దేశం స్వతంత్రమైంది. ఒక ఆసక్తికరమైన విషయం: స్వాతంత్ర్యం కావాలా వద్దా అన్న ఓటు పెద్దలందరికీ ఇచ్చారు, కానీ పార్లమెంటు ఎన్నికల్లో మాత్రం మతాయ్‌లు అనే కుటుంబ పెద్దలే ఓటేసేవారు, 1990 దాకా. మీకు నచ్చినా నచ్చకపోయినా అది వాళ్లు ఆలోచించి చేసుకున్న ఏర్పాటు, బయటి దేశం నమూనాను పూర్తిగా తెచ్చిపెట్టుకోలేదు. 2002లో న్యూజిలాండ్ ప్రధాని హెలెన్ క్లార్క్ ఏపియా వెళ్లి ఆ ఓడ విషయానికీ, ఆ కాల్పులకూ కలిపి క్షమాపణ చెప్పింది.

మూడో గడి: పాలించినవాళ్లకు అక్కడ కావలసింది ఏమిటి

నాలుగు గడుల్లో ఒకటే నింపే టైం ఉంటే దీన్నే నింపండి. నౌరు దీనికి మంచి ఉదాహరణ. విస్తీర్ణం 21 చదరపు కిలోమీటర్లు. కింద ఫాస్ఫేట్. ఆస్ట్రేలియా, న్యూజిలాండ్ పొలాలకు ఆ ఎరువు కావాలి, మార్కెట్ ధర కన్నా తక్కువకు కావాలి, అందుకని 1919లో బ్రిటన్, ఆస్ట్రేలియా, న్యూజిలాండ్ మూడూ కలిసి ఒక కమిషన్ పెట్టుకుని దీవిని తవ్వుకున్నాయి. నేల మీద బతికేవాళ్లకు దక్కింది చిల్లర. యుద్ధంలో జపాన్ వచ్చి దాదాపు 1,200 మంది నౌరు వాళ్లను చూక్ దీవులకు బలవంతంగా తరలించింది, వాళ్లలో బతికి తిరిగి వచ్చింది 737 మంది, 1946 జనవరి 31న. నౌరు స్వాతంత్ర్య దినం 1968 జనవరి 31. ఆ రోజును వాళ్లు కావాలనే ఎంచుకున్నారు. తారీఖు దానంతటదే గుర్తుంటుందని ఇందాక అన్నది ఇందుకే.

మధ్యలో ఇంకొకటి జరిగింది. తవ్వకం అయిపోయాక దీవి పనికిరాదు కాబట్టి క్వీన్స్‌లాండ్ తీరంలోని కర్టిస్ దీవికి వెళ్లిపొమ్మని ఆస్ట్రేలియా ప్రతిపాదించింది. వెళ్తే ఆస్ట్రేలియా పౌరులవుతారు, సొంత దేశం ఉండదు. హామర్ డిరోబర్ట్ నాయకత్వంలో నౌరు వాళ్లు 1964లో కుదరదన్నారు. తర్వాత ఫాస్ఫేట్ పరిశ్రమను 2.1 కోట్ల ఆస్ట్రేలియా డాలర్లకు కొనుక్కున్నారు, ట్రస్టు పాలన ముగించుకున్నారు. అక్కడితో ఆగలేదు, తవ్వి పాడుచేసిన నేల సంగతేమిటని 1989లో ఆస్ట్రేలియా మీద అంతర్జాతీయ న్యాయస్థానంలో కేసు వేశారు, 1993లో ఆస్ట్రేలియా 10.7 కోట్ల డాలర్లకు రాజీ కుదుర్చుకుంది. తర్వాతి ఏళ్లలో నౌరు సొమ్ము ఎలా కరిగిపోయిందో అందరూ చెప్తారు, వార్తల్లో అదే వస్తుంది. ఈ ముందు భాగం చదవకుండా ఆ వెనక భాగం చదివితే ఆ జనానికి అన్యాయం చేసినట్టే.

నౌరు చదివిన వెంటనే పక్కన బనాబా చదవండి, ఎందుకంటే అదే ఎరువు, అదే కమిషన్, ఫలితం తలకిందులు. ఆరు చదరపు కిలోమీటర్ల దీవి. 1900లో ఒక కంపెనీ మనిషి వచ్చి ఏడాదికి 50 పౌండ్ల చొప్పున 999 ఏళ్లకు తవ్వకం హక్కులు రాయించుకున్నాడు. 1945 డిసెంబరులో బనాబా జనాన్ని ఫిజీలోని రాంబి దీవికి తరలించారు, ఆ దీవిని కొన్నది కూడా వాళ్ల ఫాస్ఫేట్ డబ్బుతోనే. వాళ్లు లండన్ కోర్టుల దాకా వెళ్లి 1970ల్లో సుదీర్ఘంగా పోరాడారు, విడిగా ఉంటామని అడిగారు, దొరకలేదు. 1979లో తవ్వకం ఆగిపోయింది, అదే ఏడాది జూలై 12న బనాబా కిరిబాటిలో భాగంగా స్వతంత్ర దేశంలోకి వచ్చింది. కిరిబాటి రాజ్యాంగంలో బనాబా వాళ్లకు ప్రత్యేకంగా ఒక స్థానం ఉంచారు. ఒక దేశ స్వాతంత్ర్య దినం అందులోని అందరికీ ఒకేలా ఉండదని తెలుసుకోవడానికి ఇంతకంటే మంచి చోటు లేదు.

ఫిజీని రెండు వైపుల నుంచీ చదవండి

తెలుగు చదివేవాళ్లకు ఫిజీ దగ్గర ఒక బంధం ఉంది, దాన్ని దాచుకోనక్కర్లేదు. 1879 నుంచి 1916 వరకు భారతదేశం నుంచి దాదాపు 60,500 మందిని చెరకు తోటలకు కూలి ఒప్పందం మీద తీసుకెళ్లారు. మొదటి ఓడ లియోనిడాస్ 1879 మే 14న చేరింది. 1903 నుంచి మద్రాసు రేవు ద్వారా కూడా తీసుకెళ్లారు, మొత్తంలో సుమారు నాలుగో వంతు అలా వెళ్లినవాళ్లే, వాళ్లలో తెలుగువాళ్లు చాలామంది. అక్కడ దక్షిణ భారతీయులు 1926లో సంగం పెట్టుకున్నారు, తర్వాత తెలుగువాళ్లు విడిగా ఆంధ్ర సంగం పెట్టుకున్నారు. కాబట్టి మనవాళ్లు అనే ఉత్సాహంతో చదవడం మొదలుపెడతాం, అది సహజం.

కానీ అక్కడే ఆగిపోతే సగం ఫిజీయే తెలుస్తుంది. మొదటి సగం ఇది: 1874 అక్టోబరు 10న సేరు థాకొంబావు, మరికొందరు పెద్దలు దీవుల్ని బ్రిటన్‌కు అప్పగించారు. మరుసటి ఏడాదే తట్టు వ్యాధి వచ్చి సుమారు 40,000 మంది ఇతౌకేయి, అంటే మూలవాసులు, చనిపోయారు. అలాంటి స్థితిలో గవర్నరు ఆర్థర్ గోర్డన్ మూలవాసుల భూమి అమ్మకాన్ని ఆపేశాడు, వాళ్లను తోటల్లో కూలికి పెట్టొద్దన్నాడు, మరి చెరకు ఎవరు నరకాలి అన్న ప్రశ్నకు జవాబుగా భారతీయుల్ని తెచ్చాడు. అంటే ఒకరి భూమిని కాపాడిన నిర్ణయమూ, మరొకరిని కూలికి కట్టేసిన నిర్ణయమూ ఒకే చేతి నుంచి వచ్చాయి. రెండింటినీ కలిపి చదవకపోతే తర్వాతి వందేళ్ల రాజకీయం అర్థం కాదు.

స్వాతంత్ర్యం దగ్గరపడేసరికి ఫిజీ భారతీయులు జనాభాలో సగం ఉన్నారు, భూమి మాత్రం మూడొంతులకు పైగా మూలవాసుల వంశ సమూహాల ఉమ్మడి ఆస్తి. ఎ.డి. పటేల్ నాయకత్వంలోని నేషనల్ ఫెడరేషన్ పార్టీ అందరికీ ఒకే ఓటరు జాబితా, త్వరగా స్వాతంత్ర్యం కావాలంది. రాటు కమిసేసే మారా, మూలవాసి పెద్దలు జాతులవారీ జాబితాలు ఉండాలన్నారు, స్వాతంత్ర్యానికి తొందరలేదన్నారు. ఎందుకన్నారో వాళ్ల వైపు నుంచి ఆలోచించండి: హవాయిలో, న్యూజిలాండ్‌లో మూలవాసులకు ఏమైందో వాళ్ల కళ్ల ముందే ఉంది. 1969లో పటేల్ చనిపోయాడు, ఆయన తర్వాత కోయా వచ్చి మారాతో సర్దుబాటు చేసుకున్నాడు, 52 స్థానాల సభలో మూలవాసులకు 22, భారతీయులకు 22, మిగతావాళ్లకు 8 అని తేల్చారు. 1970 అక్టోబరు 10న, అప్పగించిన రోజుకు సరిగ్గా 96 ఏళ్లకు, జెండా మారింది. ఒకే ఓటరు జాబితా ప్రశ్న మాత్రం వాయిదా పడింది. 1987 మే 14న సితివేని రంబూకా సైనిక తిరుగుబాటు చేసినప్పుడు ఆ వాయిదా ఖర్చు ఏమిటో తెలిసింది. తర్వాత వేలమంది భారతీయులు దేశం వదిలి వెళ్లిపోయారు.

వనువాటు, ఇంకా బ్రిటన్ వదిలిన మిగతావి

వనువాటును 1906 నుంచి బ్రిటన్, ఫ్రాన్స్ కలిసి పాలించాయి. రెండు పోలీసు దళాలు, రెండు జైలు వ్యవస్థలు, రెండు రకాల బళ్లు, పైన ఒక ఉమ్మడి కోర్టు, దాని అధ్యక్షుణ్ని నియమించేది స్పెయిన్ రాజు. చదివేవాళ్లు ఇక్కడ నవ్వేసి ముందుకు పోతారు. నవ్వే ముందు ఒక్క సంగతి చూడండి, ఆ దీవుల్లో పుట్టినవాళ్లు బ్రిటిష్ పౌరులూ కారు, ఫ్రెంచి పౌరులూ కారు, చట్టం దృష్టిలో ఏ దేశమూ లేనివాళ్లు. వాళ్ల అసలు పోరాటం భూమి కోసం. వాల్టర్ లిని అనే ఆంగ్లికన్ పూజారి నాయకత్వంలో వనువాకు పార్టీ 1979 నవంబరులో 39 స్థానాల్లో 26 గెలిచింది. జిమ్మీ స్టీవెన్స్ శాంటో దీవిని విడదీసి వేరే దేశమని ప్రకటించాడు, వెనక కొందరు ఫ్రెంచి స్థిరనివాసులూ, ఒక అమెరికన్ బృందమూ ఉన్నారు. బ్రిటన్, ఫ్రాన్స్ బలగాలు వచ్చి పెద్దగా ఏమీ చేయలేదు. 1980 జూలై 30న స్వాతంత్ర్యం వచ్చాక లిని పాపువా న్యూగినీ సైన్యాన్ని పిలిపించి ఆ తిరుగుబాటును అణిచాడు. ఒక పసిఫిక్ దేశం ఇంకో పసిఫిక్ దేశాన్ని నిలబెట్టింది. ఇక రాజ్యాంగంలో దేశంలోని భూమి అంతా మూలవాసి హక్కుదారులదీ, వాళ్ల వారసులదీ అని రాసుకున్నారు. దానితో విదేశీ పట్టాలు పోయాయి. స్వాతంత్ర్యం అంటే ఏం కావాలనుకున్నారో ఇంత సూటిగా రాసుకున్న దేశం పసిఫిక్‌లో ఇదేనని నేననుకుంటాను.

సోలమన్ దీవులకు, అక్కడి మలైటా దీవిలో 1944 నుంచి నడిచిన మాసినా రూల్ ఉద్యమం చదవండి, చాలు. యుద్ధంలో అమెరికన్ సైన్యం దగ్గర పనిచేసి, బ్రిటిష్ దొర ముందు తల వంచాల్సిన పని లేదని తెలుసుకున్నవాళ్ల ఉద్యమం అది, వేలమందిని జైల్లో పెట్టారు. టువాలు, కిరిబాటి ఒకప్పుడు గిల్బర్ట్, ఎల్లిస్ దీవులనే ఒకే వలస. ఎల్లిస్ వాళ్లు 1974లో ఓటేసి విడిపోయారు. విడిపోతే ఫాస్ఫేట్ ఆదాయంలో వాటా రాదు, ఉమ్మడి ఓడల్లో ఒక్కటే ఇస్తాం అన్నారు, అయినా 90 శాతానికి పైగా విడిపోదామనే ఓటేశారు. పెద్ద దేశంలో చిన్న భాగంగా ఉండడం కన్నా చిన్న దేశంగా ఉండడం మేలనుకున్నారు.

పాపువా న్యూగినీలో మైకేల్ సొమారే నాయకత్వంలో 1975 సెప్టెంబరు 16న జెండా మారిన తీరును శాంతియుతమైనదని అందరూ మెచ్చుకుంటారు, అది నిజమే. దానికి సరిగ్గా పదిహేను రోజుల ముందు, సెప్టెంబరు 1న, బూగన్‌విల్ దీవి తనే వేరే దేశమని ప్రకటించుకుందనేది కూడా నిజం. అక్కడ పంగునా రాగి గని ఉంది. తర్వాత పదేళ్ల అంతర్యుద్ధం, 2001లో శాంతి ఒప్పందం, 2019లో ఓటు, అందులో స్వాతంత్ర్యం కావాలన్నవాళ్లు దాదాపు 98 శాతం.

భూమధ్యరేఖకు పైన కథ వేరు

బ్రిటన్ 1970ల్లో వెళ్లిపోదామనుకుంది. అమెరికా అలా అనుకోలేదు, ఎందుకంటే మూడో గడిలో దానికి రాసుకోవాల్సింది చెరకో ఎరువో కాదు, సైన్యం. ఐరాస ఇచ్చిన పదకొండు ట్రస్టు ప్రాంతాల్లో ఒక్కదాన్నే, అంటే మార్షల్ దీవులు, మైక్రోనేషియా, పలావు ఉన్నదాన్ని, 1947లో వ్యూహాత్మకం అన్నారు, దాని మీద పెత్తనం భద్రతా మండలిది, అక్కడ అమెరికాకు వీటో ఉంది. 1946 నుంచి 1958 వరకు మార్షల్ దీవుల్లో 67 అణు పరీక్షలు చేశారు. బికినీ నుంచి 167 మందిని తరలించారు. 1954 మార్చి 1న పేల్చిన బ్రావో అనే బాంబు 15 మెగాటన్నులు, హిరోషిమా బాంబుకు దాదాపు వెయ్యి రెట్లు, దాని బూడిద రొంగెలాప్ దీవి మీద పడింది, అక్కడివాళ్లను రెండు రోజుల తర్వాత గానీ తీసుకెళ్లలేదు. ఏప్రిల్లో మార్షల్ వాళ్లు ఐరాసకు అర్జీ పెట్టారు, పరీక్షలు ఆపమని. ఆ అర్జీ తప్పక చదవండి, అందులో భూమి గురించి వాళ్లు చెప్పిన మాటలు మర్యాదగా ఉంటాయి, కానీ ఒక్కటీ తేలిగ్గా తీసుకోలేం.

1986లో వచ్చింది స్వేచ్ఛా సహవాస ఒప్పందం: దేశం స్వతంత్రం, రక్షణ అమెరికా చేతిలో, బదులుగా నిధులు, అమెరికాలో ఉండి పనిచేసుకునే హక్కు. ఇది నిజమైన స్వాతంత్ర్యమేనా అని చాలామంది అడుగుతారు. పలావు చూస్తే ఆ ప్రశ్న వాళ్లు మనకంటే ముందే అడిగారని తెలుస్తుంది. 1979 రాజ్యాంగంలో అణ్వాయుధాలను అనుమతించాలంటే 75 శాతం ఓట్లు రావాలని రాసుకున్నారు. అమెరికా ఒప్పందానికి అది అడ్డొచ్చింది, మళ్లీ మళ్లీ ఓటు పెట్టారు, 75 దాటలేదు, చివరికి నియమాన్నే సాధారణ మెజారిటీకి మార్చి 1993లో నెగ్గించారు, 1994 అక్టోబరు 1న స్వతంత్రమైంది. కొద్ది వేల మంది ఓటర్లున్న దేశం పదేళ్లకు పైగా నిలబడింది. న్యూజిలాండ్‌తో ఇలాంటి ఏర్పాటే కుక్ దీవులు 1965లో, నియూ 1974లో చేసుకున్నాయి, ఐరాస కూడా దీన్ని వలస పాలన ముగిసే మూడు దారుల్లో ఒకటిగా 1960లోనే ఒప్పుకుంది. మిగతా రెండు పూర్తి స్వాతంత్ర్యం, వేరే దేశంలో కలిసిపోవడం.

నాలుగో గడి ఖాళీగా ఉన్నవి

జాబితాలో లేని దీవుల్ని వదిలేయకండి, స్వాతంత్ర్యం అంటే ఏమిటో అవే ఎక్కువ నేర్పుతాయి. ఐరాస ఇంకా స్వపరిపాలన రాని ప్రాంతాలని చెప్పే 17లో ఆరు పసిఫిక్‌లో ఉన్నాయి: అమెరికన్ సమోవా, గ్వామ్, ఫ్రెంచ్ పోలినేషియా, న్యూ కెలడోనియా, పిట్‌కెర్న్, టోకెలావు. టోకెలావులో 2006లో, 2007లో ఓటు పెట్టారు, మూడింట రెండొంతులు రావాలి, రెండుసార్లూ 60 దాటింది కానీ అక్కడికి చేరలేదు. అందరూ బలవంతంగా ఉంటున్నారని అనుకోవద్దని దీన్ని చూస్తే తెలుస్తుంది.

న్యూ కెలడోనియాలో అలా కాదు. 1853 నుంచి ఫ్రాన్స్ కింద ఉంది, నికెల్ ఉంది, స్థిరనివాసులు వచ్చాక కనాక్ జనం సొంత నేల మీదే మైనారిటీ అయ్యారు. 1988లో అక్కడి ఊవేయా దీవిలో రక్తపాతం, తర్వాత ఒప్పందం, ఆ మరుసటి ఏడాది కనాక్ నాయకుడు జాన్ మరీ చిబావు హత్య. 1998 నూమేయా ఒప్పందం ప్రకారం మూడుసార్లు ఓటు జరిగింది: 2018లో స్వాతంత్ర్యం వద్దన్నవాళ్లు 56.7 శాతం, 2020లో 53.3 శాతం, 2021లో 96.5 శాతం. ఆ మూడో అంకె ఒక్కటే చూస్తే పూర్తిగా తప్పుదారి పడతాం. కోవిడ్ మరణాలకు సంతాపం పాటిస్తున్నాం, వాయిదా వెయ్యండని కనాక్‌లు అడిగితే వినలేదు, వాళ్లు ఓటు బహిష్కరించారు, సగం మంది కూడా ఓటెయ్యలేదు. ఏ ప్రజాభిప్రాయ సేకరణ చదివినా శాతం కన్నా ముందు ఎవరికి ఓటుంది, ఎంతమంది వేశారు అన్నవి చూడండి. పశ్చిమ పాపువాలో 1969లో జరిగినది ఇంకా ఘోరం, ఇండోనేషియా ఎంచిన వెయ్యి మందికి కాస్త పైగా జనం అందరి తరఫునా ఇండోనేషియాలో ఉండడానికి ఏకగ్రీవంగా ఒప్పుకున్నారు.

మూల పత్రాలు ఎక్కడ దొరుకుతాయి

చాలావరకు ఇంట్లో కూర్చునే చదవొచ్చు. న్యూజిలాండ్ జాతీయ గ్రంథాలయం వారి పేపర్స్ పాస్ట్‌లో, ఆస్ట్రేలియా వారి ట్రోవ్‌లో పాత పత్రికలు ఉచితంగా ఉన్నాయి. రాజ్యాంగాలు, తీర్పులకు పాక్‌లీ అనే వెబ్‌సైటు ఉంది. ఐరాస పత్రాల్లో ట్రస్టీషిప్ మండలికి వచ్చిన అర్జీలు, సందర్శక బృందాల నివేదికలు వెతకండి. పాలకుల వార్షిక నివేదిక, అదే ఏడాది అర్జీ పక్కపక్కన పెట్టుకుని చదవండి. రోడ్లు, బళ్లు, ఎగుమతుల లెక్క ఒకదాంట్లో ఉంటుంది, ఎవరి భూమి ఎలా పోయిందో రెండో దాంట్లో ఉంటుంది.

వెతికేటప్పుడు పాత పేర్లు వాడకపోతే ఏమీ దొరకదు. వనువాటు అప్పట్లో న్యూ హెబ్రిడీస్, బనాబా ఓషన్ ఐలాండ్, చూక్ ట్రక్, సమోవా 1997 దాకా వెస్టర్న్ సమోవా. తారీఖుల్లోనూ జాగ్రత్త. 2011 చివరి దాకా సమోవా అంతర్జాతీయ దినరేఖకు తూర్పున, అమెరికా వైపు ఉండేది, కాబట్టి ఏపియాలో డిసెంబరు 28న జరిగినది న్యూజిలాండ్‌లో 29న జరిగినట్టు లెక్క. రెండు పత్రాల్లో ఒక రోజు తేడా కనిపిస్తే కంగారుపడకండి. బ్రావో పరీక్షకు కూడా గ్రీన్‌విచ్ సమయంలో ఫిబ్రవరి 28 అని కనిపిస్తుంది.

దేనితో మొదలుపెట్టాలో ఇంకా తేలకపోతే ఇలా చేయండి. కోర్టు కేసులు, కాంట్రాక్టులు ఆసక్తి ఉంటే నౌరు, బనాబా కలిపి. ఓటు, రాజ్యాంగం ఆసక్తి ఉంటే పలావు, తర్వాత ఫిజీ. భూమి సమస్య పట్టేవాళ్లకు వనువాటు. ఉద్యమ చరిత్ర ఇష్టమైతే సమోవా, ఆ వెంటనే మలైటా. రెండు దీవులు పూర్తయ్యాక ఇందాకటి కాగితం తీసి బూగన్‌విల్ వరుస రాయండి, మూడు గడులు నింపి నాలుగోది పెన్సిల్‌తో రాసుకోండి, ఆ చర్చలు ఇంకా నడుస్తున్నాయి.